అబద్ధం ఎవరి సొమ్ముకు ఎసరు పెట్టింది?

1923లో న్యూయార్క్‌లోని ఫెడరల్ (కేంద్ర) కోర్టు ముందు ఒక ఖాళీ కవరును సాక్ష్యంగా పెట్టారు. దాని మీద బ్లాక్ స్టార్ లైన్ అనే ఓడల కంపెనీ ముద్ర ఉంది, అందుకున్న మనిషి పేరూ చిరునామా ఉన్నాయి. లోపల కాగితం ముక్క కూడా లేదు. అందులో ఏమొచ్చిందని అడిగితే, రైల్వే స్టేషన్‌లో పనిచేసే ఆ మనిషి కచ్చితంగా చెప్పలేకపోయాడు. అయినా ఆ కవరును ఆధారం చేసుకున్న ఒకే ఒక్క అభియోగం మీద నల్లజాతి ఉద్యమ నాయకుడు మార్కస్ గార్వీకి 5 ఏళ్ల జైలుశిక్ష పడింది. అంతకు మూడేళ్ల ముందు, 45 రోజుల్లో 50 శాతం లాభమని ఊరించి వేలమంది కష్టార్జితాన్ని మింగిన చార్లెస్ పోంజీని బోస్టన్‌లో జైలుకు పంపిందీ ఇదే చట్టం. దాని పేరు మెయిల్ ఫ్రాడ్. పేరుమోసిన దగాకోరునూ, ప్రభుత్వం కంట్లో నలుసైన ఉద్యమ నాయకుణ్ణీ ఒకే తాడుతో కట్టగలిగిన ఈ చట్టం, దాని తోబుట్టువైన వైర్ ఫ్రాడ్ చట్టం అమెరికాలో ఆర్థిక నేరాల విచారణకు వెన్నెముక. వీటి విస్తృతి సమాజానికి అవసరమే. కానీ ఆ విస్తృతి న్యాయంగా ఉండాలంటే ఒక్క ప్రశ్నను విడవకుండా పట్టుకోవాలి. అబద్ధమాడి ఎవరి సొమ్ము కాజేయబోయారు? ఈ ప్రశ్నకు సూటి జవాబు దొరికినంత కాలం చట్టం కంచెలా పనిచేస్తుంది. జవాబు లేకుండా నడిపిస్తే ఆ కంచే చేను మేస్తుంది.

మోసానికీ పోస్టాఫీసుకూ సంబంధమేమిటని మన పాఠకులకు అనిపించడం సహజం. మన దేశంలో మోసగాణ్ణి ‘420’ అనడం వాడుక భాషలోకి వచ్చేసింది. 2024 దాకా అమల్లో ఉన్న ఆ శిక్షాస్మృతి సెక్షన్ దేశమంతటికీ ఒకటే, మోసమే అక్కడ నేరం, ఉత్తరంతో పని ఉండేది కాదు. అమెరికాలో మామూలు నేరాల మీద చట్టాలు చేసే అధికారం ప్రధానంగా రాష్ట్రాలది. కేంద్ర ప్రభుత్వం కలగజేసుకోవాలంటే రాజ్యాంగం తనకిచ్చిన ఏదో ఒక అధికారాన్ని ఆసరా చేసుకోవాలి. తపాలా వ్యవస్థ అలాంటి అధికారమే. అంతర్యుద్ధం తర్వాత రైళ్లు, పోస్టు బళ్లు దేశం నలుమూలలా తిరగసాగాయి. వాటితో పాటే పెద్ద నగరాల మోసగాళ్ల ఉత్తరాలు పల్లెల గడప తొక్కాయి. చవగ్గా దొంగనోట్లు ఇస్తామని రాసి, డబ్బు గుంజి, చివరికి రంపపు పొట్టు నింపిన సంచి చేతిలో పెట్టే ముఠాలుండేవి. ఒక రాష్ట్రంలో కూర్చుని మరో రాష్ట్రం వాణ్ణి ముంచితే ఏ రాష్ట్రపు పోలీసుకూ చిక్కేవారు కాదు. అందుకే 1872లో తపాలా చట్టాన్ని సవరిస్తూ, మోసపు పన్నాగానికి పోస్టును వాడుకోవడమే ఫెడరల్ నేరమని అమెరికా చట్టసభ కాంగ్రెస్ ప్రకటించింది. 1952లో ఫోను, తంతి, రేడియో, టీవీలకు వర్తించేలా వైర్ ఫ్రాడ్ చట్టం వచ్చింది. 1994లో ప్రైవేటు కొరియర్లనూ కలిపారు. ఇవాళ ఈమెయిలు, వాట్సాప్ సందేశం, బ్యాంకు బదిలీ, అన్నీ వైరు కిందికే వస్తాయి. అయితే వైరు సందేశం రాష్ట్రం సరిహద్దు గానీ దేశం సరిహద్దు గానీ దాటాలి.

నేరం రుజువు చేయడానికి ప్రాసిక్యూటర్ చూపాల్సినవి నాలుగు. మోసపు పన్నాగం ఉండాలి. అందులోని అబద్ధం అవతలివారి నిర్ణయాన్ని ప్రభావితం చేయగలిగినంత ముఖ్యమైనదై ఉండాలి. 1999లో నీడర్ కేసులో సుప్రీంకోర్టు ఈ షరతును స్థిరపరిచింది. ఇతరుల డబ్బు లేదా ఆస్తి పొందాలనే దురుద్దేశం ఉండాలి. ఆ పన్నాగం నడవడానికి పోస్టో వైరో వాడి ఉండాలి. పన్నాగం పారకపోయినా, ఎవరికీ రూపాయి నష్టం రాకపోయినా నేరం నేరమే. పోస్టో వైరో వాడి ఉండాలన్న నాలుగో షరతు ఎంత సులువుగా తీరుతుందో విస్కాన్సిన్ రాష్ట్రపు కేసు ఒకటి చూపిస్తుంది. ఒక వ్యాపారి సెకండ్ హ్యాండ్ కార్లు కొని, మీటర్లు వెనక్కి తిప్పి, తక్కువ తిరిగిన బళ్లని చెప్పి డీలర్లకు ఎక్కువ ధరకు అమ్మేవాడు. ఏమీ ఎరగని డీలర్లు వాటిని జనానికి అమ్మి, యాజమాన్యం మార్పిడి కాగితాలను రాష్ట్ర రవాణా శాఖకు పోస్టులో పంపేవారు. మోసగాడు తన చేత్తో ఒక్క ఉత్తరమూ వేయలేదు. అయినా ఆ కాగితాలు కదలకపోతే బండి చేతులు మారదు, బండి మారకపోతే అతని వ్యాపారం సాగదు. కాబట్టి అది మెయిల్ ఫ్రాడేనని 1989లో సుప్రీంకోర్టు 5-4 తేడాతో తీర్పిచ్చింది. అంటే పోస్టు అనేది ఫెడరల్ కోర్టు తలుపు తెరిచే తాళంచెవి మాత్రమే. అసలు నేరం తలుపు లోపల ఉంది.

ఆ తలుపు తెరుచుకున్నాక నిందితుడి మీద పడే బరువు మామూలుది కాదు. తపాలా శాఖకు సొంత దర్యాప్తు విభాగం ఉంది, దానికి ఎఫ్‌బీఐ తోడవుతుంది. ఫెడరల్ ప్రాసిక్యూటర్ సాక్ష్యాలను, అభియోగాలు మోపాలో వద్దో తేల్చే గ్రాండ్ జ్యూరీ ముందు పెడతాడు. అక్కడ నిందితుడి తరఫు వకీలుకు చోటు లేదు. పన్నాగం ఒకటే అయినా, వాడిన ఒక్కో ఉత్తరం, ఒక్కో సందేశం విడి అభియోగం కావచ్చు. ఒక్కో దానికి గరిష్ఠ శిక్ష 2002 వరకు 5 ఏళ్లు. ఇంధన కంపెనీ ఎన్రాన్ కుంభకోణం తర్వాత 20 ఏళ్లకు పెంచారు. బ్యాంకుల వంటి ఆర్థిక సంస్థల మీద దెబ్బ పడితే 30 ఏళ్లు. కుట్రలో చేయి కలిపినవారికీ అదే శిక్ష. వాస్తవంగా వేసే శిక్ష ఎక్కువగా నష్టం మొత్తాన్ని బట్టి పెరుగుతుంది. ఫెడరల్ జైల్లో పెరోల్ లేదు. పది ఈమెయిళ్లు పది అభియోగాలై ఎదురుగా నిలబడితే, విచారణ దాకా వెళ్లే ధైర్యం ఎందరికి ఉంటుంది? ఫెడరల్ కోర్టుల్లో పడే శిక్షల్లో పదింట తొమ్మిదికి పైగా నేరాంగీకారంతో వచ్చేవే. పోంజీ మీద 86 అభియోగాలు మోపితే, ఒక్కదాన్ని ఒప్పుకుని 5 ఏళ్ల శిక్షకు తల వంచాడు. అంటే చట్టం హద్దు ఎక్కడుందో జ్యూరీ తేల్చే సందర్భాలు చాలా తక్కువ. అందుకే ఆ హద్దు ముందే, స్పష్టంగా గీసి ఉండాలి.

మరి చట్టాన్ని ఇంత విశాలంగా ఎందుకు ఉంచాలి? మోసానికి ఒక రూపం లేదు గనుక. 1896లో డర్లాండ్ కేసులో నిందితుడి వాదన ఇది: జరిగిన విషయం గురించి అబద్ధం చెబితే మోసం గానీ, రేపు ఇంత ఇస్తానని మాట ఇవ్వడం మోసం ఎలా అవుతుంది? నిలబెట్టుకునే ఉద్దేశమే లేకుండా ఇచ్చిన మాట కూడా మోసమేనని సుప్రీంకోర్టు చెప్పింది. చిట్టీల పేరిట, ప్లాట్ల పేరిట రేపటి ఆశను అమ్మి పరారైన వారిని చూసిన తెలుగు నేలకు ఈ తీర్పు విలువ వేరే చెప్పనక్కర్లేదు. ఆ ఒక్క మాట లేకపోతే పోంజీ లాంటివారికి తప్పించుకునే దారి దొరికేది. 2009లో నేరం ఒప్పుకుని 150 ఏళ్ల శిక్ష పొందిన పెట్టుబడుల మోసగాడు బెర్నార్డ్ మేడాఫ్ మీది అభియోగాల్లో మెయిల్ ఫ్రాడ్, వైర్ ఫ్రాడ్ రెండూ ఉన్నాయి. క్రిప్టో కరెన్సీ అనే మాట చట్టసభ్యుల ఊహకైనా అందని రోజుల్లో రాసిన వైర్ ఫ్రాడ్ చట్టమే, క్రిప్టో ఎక్స్ఛేంజి ఎఫ్‌టీఎక్స్ స్థాపకుడు శామ్ బ్యాంక్‌మన్-ఫ్రీడ్‌కు 2024లో 25 ఏళ్ల శిక్ష పడడానికి ప్రధాన ఆధారమైంది. ప్రతి కొత్త మోసానికీ కొత్త చట్టం వచ్చేదాకా ఆగాలంటే, ఆలోగా ముసలివాళ్ల పింఛను డబ్బు గాలిలో కలిసిపోతుంది.

విశాలమైన చట్టాన్ని సైతం కచ్చితంగా వాడవచ్చనడానికి థెరానోస్ కేసు మంచి ఉదాహరణ. వేలి మీది రక్తపు చుక్కతో ఎన్నో పరీక్షలు చేస్తామని చెప్పిన ఆ సంస్థ స్థాపకురాలు ఎలిజబెత్ హోమ్స్ విచారణలో జ్యూరీ 2022 జనవరిలో తీర్పు చెప్పింది. మదుపరులను మోసగించిన కుట్ర, మూడు వైర్ ఫ్రాడ్ అభియోగాలు రుజువయ్యాయి. ఆ మూడూ మూడు బ్యాంకు బదిలీలు. ఒకటి సుమారు 10 కోట్ల డాలర్లది. రోగులను మోసగించారన్న అభియోగాల్లో మాత్రం ఆమె నిర్దోషి అని తేల్చింది. కొన్నింటి మీద జ్యూరీ ఏకాభిప్రాయానికి రాలేకపోయింది. తప్పుడు ఫలితాలతో తల్లడిల్లిన రోగుల గురించి ఆలోచిస్తే గుండె బరువెక్కుతుంది. కానీ ఆ జ్యూరీ చేసింది, ఏ అబద్ధం ఎవరికి చెప్పి ఎవరి డబ్బు తీసుకున్నారని ఒక్కో అభియోగాన్ని విడివిడిగా తూచడం. చట్టం కోరేది సరిగ్గా ఆ తూకాన్నే.

ఆ తూకం తప్పితే ఏమవుతుందో ఇరవయ్యో శతాబ్దపు ద్వితీయార్ధంలో కనిపించింది. ప్రజలకు నిజాయితీగా సేవలందించే బాధ్యతను ఉల్లంఘించడం కూడా మెయిల్ ఫ్రాడేనని కింది కోర్టులు ఒప్పుకోసాగాయి. సొమ్ము మాట పక్కకు పోయి, నీతి మాట ముందుకు వచ్చింది. ప్రజలకు దక్కాల్సిన నిజాయితీ అంటే ఏమిటో నిర్ణయించే అధికారం ప్రాసిక్యూటర్ చేతికి వెళ్లింది. 1987లో మెక్‌నాలీ కేసులో సుప్రీంకోర్టు ఆ ధోరణికి అడ్డుకట్ట వేసి, ఈ చట్టం ఆస్తిని కాపాడేదే అంది. మరుసటి ఏడాదే కాంగ్రెస్ ‘నిజాయితీ గల సేవ’ను ఒక చిన్న సెక్షన్‌తో తిరిగి చేర్చింది, దానికి అర్థం మాత్రం చెప్పలేదు. 2010లో ఎన్రాన్ మాజీ అధినేత జెఫ్రీ స్కిల్లింగ్ కేసులో, ఆ మాట లంచాలకూ ముడుపులకూ మాత్రమే వర్తిస్తుందని సుప్రీంకోర్టు కుదించింది. న్యూజెర్సీ కేసు ఇంకా కళ్లకు కట్టేది. తమ గవర్నర్‌ను ఎన్నికల్లో సమర్థించని మేయర్ మీద కక్షతో, గవర్నర్ అనుచరులు 2013 సెప్టెంబరులో జార్జ్ వాషింగ్టన్ వంతెనకు ఫోర్ట్ లీ ఊరి నుంచి వెళ్లే మూడు వరసల దారిని ఒక వరసకు కుదించారు. ట్రాఫిక్ అధ్యయనమని అబద్ధం చెప్పారు. బడులు తెరిచే రోజుతో మొదలై నాలుగు రోజులు ఊరు ఊపిరాడక అల్లాడింది. అది నీచమైన పని. అయినా ఎవరి సొమ్మూ కాజేయడం వారి లక్ష్యం కాదని, అధికార దుర్వినియోగమంతా ఆస్తి మోసం కాదని 2020లో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా శిక్షలు రద్దు చేసింది.

ఇక్కడే బలమైన అభ్యంతరం వస్తుంది. ఇలా గిరి గీసుకుంటూ పోతే అవినీతిపరులు చేతులు దులుపుకుని పోరా అని. ఆ ఆవేదన న్యాయమైనదే. ఫోర్ట్ లీ జనానికి జరిగిన అన్యాయం కళ్లెదుటే ఉంది. కానీ లంచం తీసుకున్నవాణ్ణి పట్టడానికి లంచం చట్టాలున్నాయి, అధికార దుర్వినియోగానికి రాష్ట్ర చట్టాలు, పదవీచ్యుతి, ఓటు ఉన్నాయి. అవి చాలకపోతే చట్టసభ స్పష్టమైన కొత్త చట్టం రాయాలి. ఏది నేరమో మనిషికి ముందుగా తెలియాలన్నది నేరన్యాయానికి పునాది. తనకు నచ్చని ప్రవర్తననంతా మోసం అనే సంచిలో వేసే వీలు ప్రాసిక్యూటర్‌కు ఇస్తే, ఇవాళ ఆ సంచిలో పడేది దుర్మార్గుడైతే రేపు పడేది గార్వీ కావచ్చు. 1919లోనే యువ అధికారి జె. ఎడ్గార్ హూవర్, గార్వీని దేశం నుంచి పంపించేందుకు తగిన ఫెడరల్ నేరం ఇంకా దొరకలేదని, ఓడల కంపెనీ లావాదేవీల్లో మోసం కేసు పెట్టే వీలుందని తన నోట్‌లో రాశాడు. ముందు మనిషిని ఎంచుకుని ఆ తర్వాత నేరం వెదికారు. కంపెనీ లెక్కల్లో లొసుగులు ఉండేవి. ఇంకా కొనని ఓడ బొమ్మను ప్రచార పత్రం మీద వేశారు. కానీ ఆ ఖాళీ కవరులో ఏ అబద్ధం ప్రయాణించిందో ఎవరూ చూపలేదు.

రెండో వైపు నుంచి వచ్చే అభ్యంతరం, హద్దులు ఇప్పటికీ చాలవన్నది. 2023లో సిమినెల్లి కేసులో, ఒప్పందానికి ముందు తెలియాల్సిన సమాచారం దాచడమే ఆస్తి నష్టం కాదని సుప్రీంకోర్టు చెప్పింది. 2025 మేలో కుసీసిస్ కేసులో మాత్రం మరోవైపు అడుగు వేసినట్టు కనిపిస్తుంది. ఫిలడెల్ఫియాలో వంతెనకూ రైల్వే స్టేషన్‌కూ రంగులు వేసే కాంట్రాక్టులో, వెనుకబడిన వర్గాల సంస్థ నుంచి సరుకు కొంటామని చెప్పి, దాన్ని కాగితాల మీద మాత్రమే చూపించారు. పని బాగానే చేశారు, రాష్ట్రానికి నష్టమేమిటని వాదించారు. అబద్ధంతో డబ్బు రాబట్టడమే చాలు, నష్టం కలిగించే ఉద్దేశం అక్కర్లేదని కోర్టు తేల్చింది. నా దృష్టిలో ఇది సరైన తీర్పే. రాష్ట్రం కేవలం రంగుకు డబ్బు ఇవ్వలేదు. ఆ వర్గాలకు కొంత పని దక్కాలన్న షరతుకు కూడా ఇచ్చింది. సొమ్ము ఎవరిదో, అబద్ధం ఏమిటో రెండూ ఇక్కడ స్పష్టం. అయితే నష్టం అనే గట్టు లేనప్పుడు, చిన్నా చితకా అబద్ధాలను వడగట్టే భారమంతా ‘ముఖ్యమైన అబద్ధం’ అనే షరతు మీదే పడుతుంది. న్యాయమూర్తులు ఆ జల్లెడను సన్నగా పట్టుకోవాలి.

అమెరికాలో పిల్లలున్న తెలుగు కుటుంబాలకు ఇది దూరపు సంగతి కాదు. పన్ను అధికారులమని బెదిరిస్తూ అహ్మదాబాద్ కాల్ సెంటర్ల నుంచి ఫోన్లు చేసిన ముఠా మీద 2016లో టెక్సాస్‌లో కేసు పెట్టారు. డబ్బు చేతులు మార్చినవారు సహా అమెరికాలో ఉన్న 21 మందికి 2018లో 20 ఏళ్ల దాకా శిక్షలు పడ్డాయి. ఫలానా పార్శిల్ తెచ్చిస్తే కమీషన్ ఇస్తామన్న మాటకు లొంగిన విద్యార్థి, తనకేమీ తెలియదంటే సరిపోదు. అనుమానం వచ్చి కూడా కావాలని కళ్లు మూసుకుంటే, తెలిసినట్టే లెక్కగడతారు. 2024 నవంబరులో బ్రూక్లిన్ ప్రాసిక్యూటర్లు గౌతమ్ అదానీ మీద మోపిన అభియోగాల్లోనూ వైర్ ఫ్రాడ్ కుట్ర ఉంది. ఆంధ్రప్రదేశ్ సహా కొన్ని రాష్ట్రాల అధికారులకు లంచాల హామీ ఇచ్చి, ఆ సంగతి దాచి అమెరికాలో నిధులు సేకరించారన్నది అందులోని ఆరోపణ. ఆ గ్రూపు దాన్ని నిరాధారమని ఖండించింది. ఇక్కడా ఆ చట్టం అడిగేది లంచం గురించి కాదు. డబ్బు పెట్టినవారికి ఏం చెప్పారని.

గార్వీ శిక్షను 1927లో అధ్యక్షుడు కూలిడ్జ్ తగ్గించి, ఆయన్ను స్వదేశమైన జమైకాకు పంపేశాడు. 2025 జనవరిలో అధ్యక్షుడు బైడెన్ ఆయనకు మరణానంతర క్షమాభిక్ష ప్రకటించాడు. నూరేళ్లకు పైగా పట్టింది. ఇలాంటి ఆలస్యం మళ్లీ జరగకుండా ఉండాలంటే, కవరు చేతికి వచ్చిన రోజునే ప్రాసిక్యూటరూ జడ్జీ దాన్ని తెరిచి లోపల ఏముందో చూడాలి.