వైఫైకి తాళం వేయకుంటే యజమానికే చిక్కు

ఉతై (ఛత్తీస్‌గఢ్): భిలాయి ఉక్కు నగరానికి చేరువలోని ఉతైలో కేంద్ర పారిశ్రామిక భద్రతా దళ శిక్షణ కేంద్రం ఉంది. కర్మాగారాల ద్వారాల వద్ద గుర్తింపు కార్డులు పరిశీలించే జవాన్లు ఇక్కడ తర్ఫీదు పొందుతారు. అయితే ఇంటి గోడలు దాటి ప్రసరించే వైఫైకి సంకేతపదమే కాపలా.

ఆ కాపలా లోపిస్తే ఏమవుతుందో 2008 జులైలో వెల్లడైంది. అహ్మదాబాద్ పేలుళ్లకు ముందు ఉగ్రవాదులు పంపిన ఈ-మెయిల్, నవీ ముంబైలో ఒక అమెరికన్ ఇంటి రక్షణ లేని వైఫై ద్వారా వెళ్లింది. ఫలితంగా ఆయన పోలీసు విచారణను ఎదుర్కోవలసి వచ్చింది.

వైఫై రక్షణకు 1997లో ప్రవేశపెట్టిన 'వెప్' విధానంలోని తీవ్ర లోపాలు 2001లో బయటపడ్డాయి. 2004లో వచ్చిన 'డబ్ల్యు.పి.ఎ.-2' దృఢమైనదే. కానీ ఫోను నెట్‌వర్క్‌తో అనుసంధానమయ్యే వేళ జరిగే సంకేతాల మార్పిడిని పట్టుకున్న ఆగంతకుడు, తీరిగ్గా లక్షలాది పదాలను పరీక్షించి బలహీనమైన సంకేతపదాన్ని కనిపెట్టగలడు. 2018 నాటి 'డబ్ల్యు.పి.ఎ.-3' ఈ అవకాశాన్ని అరికట్టింది. ప్రతి ప్రయత్నానికీ అతడు మళ్లీ నెట్‌వర్క్‌ను సంప్రదించవలసిందే.

పాత పరికరాలు గలవారు కనీసం 'డబ్ల్యు.పి.ఎ.-2'ను ఎంచుకొని, ఊహకందని పొడవైన సంకేతపదం పెట్టుకోవడం అవసరం. చొరబడినవాడు మాయమైనా, పోలీసుల తొలి ప్రశ్న ఇంటి యజమానికే.