నిర్దోషి అన్న తీర్పు తర్వాత బాధితుడి దారి

క్రిమినల్ కేసు అంటే చట్టం దృష్టిలో ఇద్దరు మనుషుల మధ్య తగాదా కాదు. ఒకవైపు ప్రభుత్వం, మరొకవైపు ముద్దాయి. దెబ్బలు తిన్నవాడు గానీ, బిడ్డను పోగొట్టుకున్న తల్లి గానీ ఆ వ్యాజ్యంలో కేవలం సాక్షులు. బోనెక్కి సాక్ష్యం చెప్పి దిగిపోవడంతో వారి పని సరి. ముద్దాయి నిర్దోషిగా విడుదలైతే, పై కోర్టుకు వెళ్ళడమా మానడమా అన్నది సర్కారువారి చిత్తం. వారు ఫైలు కట్టివేస్తే ఆ తల్లికి అప్పీలు అనే మాటే లేదు. పోలీసులు నడిపే కేసులన్నింటిలోనూ 2009 డిసెంబరు చివరి దాకా ఈ దేశంలో ఇదే పరిస్థితి.

కిటికీలు కొన్ని ఉండకపోలేదు. హైకోర్టులో రివిజన్ వేసుకోవచ్చును. కాని, ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్ళిన ఒక కేసులో 1962లో సుప్రీంకోర్టు చెప్పినట్లు, అసాధారణమైన పొరపాటు జరిగితేనే హైకోర్టు అందులో జోక్యం చేసుకోగలదు. అప్పుడైనా పునర్విచారణకు ఆదేశించవలసిందే తప్ప తానుగా శిక్ష వేయడానికి వీలులేదు. తమిళనాడులో ఒక హతుని సోదరుడు నేరుగా సుప్రీంకోర్టు తలుపు తట్టి, హైకోర్టు ఇచ్చిన విడుదల తీర్పును 1979లో రద్దు చేయించాడు. ఆయనకు ఆ అర్హత ఎక్కడిదన్న ప్రశ్న తిరిగి రాజ్యాంగ ధర్మాసనం ముందుకు వచ్చింది. 1980లో జస్టిస్ కృష్ణయ్యర్ ప్రభృతులు ఆయన పక్షానే నిలిచారు. అయితే అది రాజ్యాంగం 136వ అధికరణం కింద సుప్రీంకోర్టు చూపిన దయ. బాధితుడు నిలదీసి అడగగల హక్కు కాదు.

ఢిల్లీవాసులకు ఈ లోటు తెలిసివచ్చినది 2006లో. ప్రియదర్శిని మట్టూ హత్య కేసులో ముద్దాయిని 1999లోను, జెస్సికా లాల్ హత్య కేసులో ముద్దాయిలను 2006 ఫిబ్రవరిలోను కింది కోర్టులు విడుదల చేశాయి. 2006 ముగిసేలోగా హైకోర్టు రెండు తీర్పులనూ తిరగవేసింది. ఆ రెండింటా అప్పీలు చేసినది ప్రభుత్వ పక్షమే. రాజధాని వీధులలో కొవ్వొత్తులు వెలిగించిన జనం ఉన్నారు, పత్రికలు ఉన్నాయి. ఆ రెండూ లేని మారుమూల తాలూకా బాధితుని గతి ఏమిటన్నదే అసలు ప్రశ్న.

దానికి సమాధానంగా పార్లమెంటు 2008లో క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌ను సవరించింది. 2009 డిసెంబరు 31 నుంచి అమలులోకి వచ్చిన ఆ సవరణ మూడు సందర్భాలలో బాధితునికి అప్పీలు హక్కు ఇచ్చింది: ముద్దాయి విడుదలైనా, చిన్న నేరానికే దోషిగా తేలినా, నష్టపరిహారం చాలకపోయినా. ఈ హక్కుకు కూడ హైకోర్టు ముందస్తు అనుమతి కావాలా అన్న వివాదం కర్ణాటక కేసు ఒకదానిలో 2018 అక్టోబరులో తెగింది. జస్టిస్ మదన్ లోకూర్, అటుపై 2023లో ఆంధ్రప్రదేశ్ గవర్నరుగా వచ్చిన జస్టిస్ అబ్దుల్ నజీర్ అక్కరలేదన్నారు. జస్టిస్ దీపక్ గుప్తా విభేదించారు. అప్పీలు నడుస్తుండగా బాధితుడు మరణిస్తే వారసులు కొనసాగించవచ్చునని 2025లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

హక్కు ఉన్నది, బాగున్నది. దానిని చేతికి అందించే ఏర్పాటు ఎక్కడ? 2024 జులై 1 నుంచి అమలులో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత ఈ నిబంధనను 413వ సెక్షనుగా దాదాపు యథాతథంగా దింపుకొన్నది. ఎన్నాళ్ళలో అప్పీలు చేయాలో అది చెప్పదు. తీర్పు వచ్చిన సంగతి బాధితునికి ఎవరు తెలపాలో చెప్పదు. జైలుశిక్ష పడిన ముద్దాయికి తీర్పు నకలు తక్షణం, ఉచితంగా ఇవ్వాలని 404వ సెక్షను ఆదేశిస్తున్నది. అది న్యాయమే. బాధితుడు మాత్రం అర్జీ పెట్టుకుని, రుసుము కట్టి నకలు పుచ్చుకోవాలి. ప్రత్యేక కారణాలు చూపి కోర్టు మినహాయిస్తే తప్ప. కూలి మానుకుని జిల్లా కోర్టుకు వచ్చిన మనిషికి అది ఇంకొక రోజు కూలి. ముద్దాయికి శిక్ష చాలలేదని అప్పీలు చేసే హక్కు బాధితునికి లేదని 2020లోనే సుప్రీంకోర్టు తేల్చినా, ఆ వెలితి పూడ్చాలా వద్దా అన్నది కొత్త చట్టం పట్టించుకోలేదు.

ఈ ప్రశ్నలు అడగవలసిన స్థలం పార్లమెంటు. ఆ బిల్లు 2023 డిసెంబరు 20న లోక్‌సభలో, 21న రాజ్యసభలో నెగ్గే వేళకు ఉభయసభలలో 140 మందికి పైగా ప్రతిపక్ష సభ్యులు సస్పెన్షన్‌లో ఉన్నారు. దాదాపు దేశం మొత్తానికీ వర్తించే నేరవిచారణ చట్టం అలా సగం ఖాళీ బెంచీల మధ్య పుట్టింది.

నిర్దోషిగా బయటపడినవానిని ఏళ్ళ తరబడి కోర్టుల చుట్టూ తిప్పడం వేధింపు కాదా అని న్యాయవాద మిత్రులు కొందరు అడుగుతారు. తోసిపుచ్చదగిన ప్రశ్న కాదు. అందుకే విడుదల తీర్పుతో ముద్దాయి నిర్దోషిత్వానికి బలం రెట్టింపవుతుందని సుప్రీంకోర్టు పదే పదే చెబుతూ వచ్చింది. అప్పీలు హక్కు అంటే శిక్ష వేయించే హక్కు కాదు. తన మాట ఇంకొకసారి వినిపించుకునే హక్కు మాత్రమే. ఆ మాత్రపు హక్కుకైనా, విడుదల తీర్పు వెలువడిన నాడే దాని నకలును బాధితుని చేతిలో ఉచితంగా పెట్టి, గడువు ఎంతో, న్యాయసహాయం ఎక్కడ దొరుకుతుందో అతని భాషలో రాసి ఇవ్వాలని ఒక్క వాక్యం చట్టంలో చేర్చడానికి ఖజానాకు పెద్ద ఖర్చు లేదు. ఎవరో ఒక సభ్యుడు లేచి అడగాలి, అంతే.