అగ్నిసాక్షికి తోడుగా అక్షరసాక్షి: వివాహ నమోదు, నకలు పత్రాలు

మాఘ, ఫాల్గుణ, వైశాఖ, శ్రావణ మాసాలు వచ్చాయంటే ద్వారకా తిరుమల కొండ మొదలుకొని కొల్లేటి లంకల్లోని రామాలయాల వరకు మన సీమంతటా మంగళవాద్యాలు మ్రోగుతాయి. పెండ్లి ముగిసి విడిది ఖాళీ చేసే వేళ, ఆలయ కార్యాలయం ఇచ్చిన రసీదును పసుపుకుంకుమలతోపాటు మూటగట్టి, “పెండ్లి పత్రం చేతికి వచ్చింది” అని తృప్తిపడే తల్లిదండ్రులు అనేకులు. ఆ రసీదు వివాహ ధ్రువీకరణ పత్రం కాదు. దేవాలయానికి రుసుము చెల్లించి ఫలానా తేదీన మండపంలో కల్యాణం జరుపుకొన్నారనడానికి అది ఆనవాలు మాత్రమే. నమోదుకు వెళ్ళినప్పుడు ఆధారాలలో ఒకటిగా పనికివస్తుంది కనుక భద్రపరచవలసిందే. కాని దానితోనే పని పూర్తయిందనుకొన్న కుటుంబాలు కొన్నేండ్ల తరువాత పాస్‌పోర్టు కోసమో, పింఛను కోసమో పడే యాతన చూచి ఈ వ్యాసం వ్రాస్తున్నాను.

“అగ్నిసాక్షిగా జరిగిన పెండ్లికి కాగితం సాక్ష్యం దేనికండీ?” అని పెద్దలు కొందరు నన్ను అడుగుతూ ఉంటారు. శాస్త్రం చదివినవారే ఈ ప్రశ్న వేసినప్పుడు నాకు కొంత ఆశ్చర్యం కలుగుతుంది. యాజ్ఞవల్క్య స్మృతిలోని వ్యవహారాధ్యాయం లిఖితము, భుక్తి, సాక్షులు అని మూడు ప్రమాణాలను చెప్పి, ఇవేవీ లేనప్పుడే దివ్యప్రమాణాల జోలికి వెళ్ళమన్నది. ధర్మాసనం ముందు వ్రాతను మొదటి వరుసలో కూర్చోబెట్టినవారు మన స్మృతికర్తలే. అగ్నిదేవుడు సాక్షియే, సందేహం లేదు. అయితే ఆయనను తహసీల్దారు కచేరికి పిలిపించి వాఙ్మూలం తీసుకొనే ఉపాయం మనవద్ద లేదు.

శకుంతల కథను ఈ కోణం నుండి ఒకసారి తలచుకొనండి. కణ్వాశ్రమంలో జరిగిన గాంధర్వ వివాహానికి పెద్దలు సాక్షులుగా లేరు. వ్యాసభారతంలో దుష్యంతుడు నిండుసభలో ఎరుగనన్నప్పుడు అశరీరవాణి పలికితే గాని ఆమె మాట నిలువలేదు. కాళిదాసు ఆ స్థానంలో ఉంగరాన్ని పెట్టాడు. నాటకం పేరులోని అభిజ్ఞానమంటే ఆనవాలే. ఆ ఉంగరం నీళ్ళపాలైనది. జాలరివాడు కోసిన చేప కడుపులో అది దొరికినది కనుక కథ సుఖాంతమైనది. మన కొల్లేటి సీమలో చేపలకు కొదువ లేదు గాని, అందరి ఉంగరాలూ అలా తిరిగి రావు.

ఇది పురాణకాలపు ముచ్చట మాత్రమే కాదు. 1965లో సుప్రీంకోర్టు తీర్చిన భావురావు శంకర్ లోఖండే కేసులో ప్రతివాది మొదటి భార్య ఉండగా మరొకామెను చేసుకొన్నాడని అభియోగం. ఆ రెండవ పెండ్లి గాంధర్వ పద్ధతిలో జరిగినదన్నారు. ఆవశ్యకమైన విధులు జరిగినట్లు రుజువు కాలేదు కనుక అది చట్టం దృష్టిలో వివాహమే కాదని, ద్వితీయ వివాహ నేరం నిలువదని న్యాయస్థానం తేల్చింది. అన్యాయానికి గురైన మొదటి భార్యకు ఆ తీర్పు వలన ఒరిగినది ఏమిటో పాఠకులే ఊహించుకోవచ్చు. పెండ్లి తంతు, దాని రుజువు, ఈ రెండూ స్త్రీకి ఎంత ముఖ్యమో నాకు తెలిసినంతలో ఇంతకంటె స్పష్టంగా చెప్పే తీర్పు లేదు.

ఇక చట్టం సంగతి. 1955 నాటి హిందూ వివాహ చట్టంలో ఏడవ సెక్షను వధూవరులలో ఏ ఒక్కరి కులాచారం ప్రకారమైనా విధులు జరిపించవచ్చునన్నది. ఆ ఆచారంలో సప్తపది ఉన్నట్లయితే ఏడవ అడుగుతో వివాహం సంపూర్ణమవుతుంది. మన ప్రాంతంలో జీలకర్ర-బెల్లం పెట్టిన క్షణాన్నే సుముహూర్తమని భావించి, మాంగల్యధారణ, తలంబ్రాలు కాగానే బంధువులు భోజనాలకు లేచిపోతారు. పాణిగ్రహణం, లాజహోమం, సప్తపది జరిగేసరికి మండపంలో పురోహితుడు, దంపతులు, ఫోటోగ్రాఫరు మిగులుతారు. చట్టం ఏ అడుగును పట్టించుకొన్నదో ఆ అడుగు వద్ద సాక్షులు ఉండరన్నమాట! కనీసం ఇరువైపుల పెద్దలు నలుగురైనా ఆ పది నిమిషాలు కూర్చోవాలని, ఆ ఘట్టానికి స్పష్టమైన ఫోటో ఒకటి తీయించాలని నా సలహా.

ఎనిమిదవ సెక్షను నమోదును గురించినది. నమోదు చేయించనంత మాత్రాన పెండ్లి చెల్లకుండా పోదని అందులోనే ఉన్నది. అదే విధంగా, తంతు లేకుండా నమోదు ఒక్కటే ఉంటే పెండ్లి అయినట్లు కాదని 2024 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు డాలీ రాణి కేసులో వివరించింది. వీసా తొందరలో ముందుగా పత్రం పుట్టించుకొని, పెండ్లి తరువాత ఎప్పుడో చేద్దామనుకొనేవారు ఈ సంగతి గట్టిగా గుర్తుంచుకోవాలి. పత్రం జరిగినదానికి సాక్ష్యం చెబుతుంది గాని, జరగనిదానిని జరిగినట్లు చేయలేదు.

మన రాష్ట్రంలో 2002లోనే నిర్బంధ వివాహ నమోదు చట్టం వచ్చింది. అన్ని మతాలవారి వివాహాలకూ అది వర్తిస్తుంది. దేశమంతటా ఇటువంటి ఏర్పాటు ఉండాలని సుప్రీంకోర్టు సీమా కేసులో ఆదేశించినది 2006 ఫిబ్రవరిలో. అనగా ఈ ఒక్క విషయంలో మనం నాలుగేండ్లు ముందున్నాము. హిందూ వివాహ చట్టం క్రింద నమోదుకు పెండ్లి జరిగిన చోటుకు గాని, దంపతులలో ఒకరు నివసించే చోటుకు గాని చెందిన సబ్ రిజిస్ట్రారు ఆఫీసుకు వెళ్ళాలి. ఇద్దరూ స్వయంగా హాజరు కావాలి. శుభలేఖ, పెండ్లి ఫోటో, వయస్సుకు, నివాసానికి ఆధారాలు, పాస్‌పోర్టు సైజు ఫోటోలు, తమ గుర్తింపు కార్డులతో సాక్షులు అవసరం. పెండ్లి గుడిలో జరిగితే ఆలయ రసీదు కూడా. ఒకటి రెండు కాగితాలు ఆఫీసును బట్టి మారుతూ ఉంటాయి కాబట్టి ముందురోజే ఒకరు వెళ్ళి కనుక్కొని రావడం మేలు. కొల్లేటి లంకల నుండి అందరూ కలిసి పడవా బస్సూ పట్టుకొని వచ్చి, ఒక్క జిరాక్సు కోసం వెనుదిరగడం ఎందుకు?

వయస్సు విషయంలో ఉదారత పనికిరాదు. వరునికి 21, వధువుకు 18 నిండాలి. 2006 నాటి బాల్యవివాహ నిషేధ చట్టం అటువంటి పెండ్లి జరిపించినవారికి రెండేండ్ల వరకు కఠిన కారాగారం, లక్ష రూపాయల వరకు జరిమానా విధించింది. జరిపించినవారంటే తల్లిదండ్రులే కారు, మంత్రం చెప్పిన బ్రాహ్మడు కూడా. “జాతకంలో పద్దెనిమిది నిండింది” అంటే చాలదు, పుట్టినతేదీ పత్రం చూపమని అడగడానికి మా పురోహితులు మొగమాటపడరాదు.

నన్ను తరచు సంప్రదించే చిక్కు తేదీకి సంబంధించినది. మన పంచాంగంలో దినం సూర్యోదయంతో మొదలై మరునాటి సూర్యోదయం వరకు సాగుతుంది. ఇంగ్లీషు తేదీ అర్ధరాత్రి మారుతుంది. శుభలేఖలో “13వ తేదీ బుధవారం రాత్రి 2 గంటల 48 నిమిషాలకు (తెల్లవారితే గురువారం)” అని వేయిస్తాము. మన లెక్కకు అది బుధవారమే. సర్కారు లెక్కకు అప్పటికి 14వ తేదీ, గురువారం వచ్చి మూడు గంటలు కావస్తున్నది. తండ్రి దరఖాస్తులో 13 అని వ్రాస్తాడు, వీడియో మీద 14 అని పడుతుంది, ఆలయ రసీదులో గది తీసుకొన్న 12 ఉంటుంది. ఒకే పెండ్లికి మూడు తేదీలు! ఇక్కడి గుమాస్తా సర్దుకుపోవచ్చు, దూరదేశపు వీసా అధికారికి మన ‘తెల్లవారితే’ అర్థం కాదు. కాబట్టి అర్ధరాత్రి దాటిన లగ్నాలకు శుభలేఖలోనే రెండు తేదీలూ స్పష్టంగా అచ్చువేయించండి. దరఖాస్తులో ఇంగ్లీషు లెక్క ప్రకారం మాంగల్యధారణ జరిగిన తేదీనే వ్రాయండి. ఆ తరువాత ఏ కాగితంలోనైనా అదే తేదీ ఉండాలి. వార్షికోత్సవం మాత్రం తిథిని బట్టి చేసుకొనండి, దానికి ఎవరూ అడ్డురారు.

పేర్ల సంగతి కొద్దిగా. శుభలేఖలో చి॥ల॥సౌ॥ అని మొదలుపెట్టి ముద్దుపేరు వేస్తాము, పదవ తరగతి పత్రంలో మరొక పేరు, ఆధార్‌లో ఇంటిపేరు చివర. నమోదుకు పదవ తరగతి పత్రంలోని పేరును, అక్షరం తేడా లేకుండా, ఇవ్వడం ఉత్తమం. పత్రం చేతికి వచ్చిన రోజున అక్కడే నిలబడి ఒక్కొక్క అక్షరం సరిచూచుకోవాలి. అప్పుడైతే దిద్దించుకోవడం తేలిక.

కొల్లేటి ప్రాంతంవారికి జిల్లా పేరు కూడా ఒక తికమక. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు మారినప్పుడు కృష్ణా జిల్లాలో ఉన్న కైకలూరు, మండవల్లి, కలిదిండి, ముదినేపల్లి ఏలూరు జిల్లాలో చేరినవి. తాడేపల్లిగూడెం భీమవరం కేంద్రంగా గల పశ్చిమ గోదావరిలో ఉండిపోయినది. కొల్లేటికోట పెద్దింట్లమ్మ సన్నిధిలో 2015లో పెండ్లి చేసుకొన్నవారి పత్రంలో కృష్ణా జిల్లా అనియే ఉంటుంది. అది తప్పు కాదు, నాటి సత్యం. దానిని ‘సరిచేయించడానికి’ తిరగనవసరం లేదు.

ఇక నకలు. ఎనిమిదవ సెక్షను ప్రకారం వివాహ రిజిస్టరు సాక్ష్యంగా చెల్లుతుంది. తగిన రుసుము చెల్లించి దరఖాస్తు చేసినవారికి అందులోని పుట నుండి ధ్రువీకరించిన నకలు ఇవ్వాలి. మూలపత్రం పోయినా, వరదలో తడిసినా భయం లేదు. రిజిస్టరు ఉన్నదే అందుకు. నమోదు జరిగిన ఆఫీసు, సంవత్సరం, నంబరు తెలిస్తే పని త్వరగా అవుతుంది. నంబరు తెలియకపోతే దంపతుల పేర్లు, పెండ్లి తేదీ చెప్పి వెతికించుకోవాలి. అందుకే పత్రం వచ్చిన నాడే ఆ నంబరును ఇంట్లో పంచాంగం వెనుకనో, బీరువా తలుపు లోపలనో వ్రాసి ఉంచమంటాను. పత్రానికి లామినేషన్ మాత్రం చేయించకండి. విదేశాలకు వెళ్ళవలసి వస్తే దాని వెనుక ప్రభుత్వ ముద్రలు పడాలి, ప్లాస్టిక్ మీద ముద్ర నిలువదు.

విదేశాంగశాఖ వేసే ఆ ముద్రను అపోస్టిల్ అంటారు. 2005 నుండి మన దేశంలో అమలులో ఉన్న హేగ్ ఒప్పందం ప్రకారం, ఆ ఒప్పందంలోని ఇతర దేశాలు చాలావరకు దానిని గుర్తిస్తాయి. అమెరికాలోనే పెండ్లి పెట్టుకొనేవారికి క్రమం తలక్రిందులుగా ఉంటుంది. అక్కడ పెండ్లికి ముందే కౌంటీ కార్యాలయంలో లైసెన్సు తీసుకోవాలి. తంతు జరిపించినవారు దానిమీద సంతకం చేసి తిరిగి పంపిన తరువాతనే వివాహం నమోదవుతుంది. మనవారు అధికంగా ఉన్న టెక్సాస్ రాష్ట్రంలో సాధారణంగా లైసెన్సు తీసుకొన్న 72 గంటల తరువాతనే పెండ్లి, 90 రోజులు దాటితే ఆ లైసెన్సు చెల్లదు. లగ్నం పెట్టించుకొనేటప్పుడే ఈ లెక్క కూడా పంచాంగకర్తకు చెప్పాలి.

మన దేశంలో హిందూ వివాహానికి అటువంటి ముందస్తు అనుమతి లేదు. దానికి దగ్గరగా ఉండేది 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం. వేర్వేరు మతాలవారు, తంతు వద్దనుకొనేవారు దాని క్రింద వెళతారు. ఒకరైనా కనీసం 30 రోజులు నివసించిన జిల్లాలోని వివాహాధికారికి నోటీసు ఇవ్వాలి. అది 30 రోజులు ప్రకటనలో ఉంటుంది. ఆక్షేపణ లేకపోతే ముగ్గురు సాక్షుల ఎదుట వివాహం జరుగుతుంది. నోటీసు ఇచ్చిన మూడు నెలలలోపు పని ముగియాలి.

చివరగా, నలభై యాభై ఏండ్ల క్రిందట పెండ్లయిన దంపతులు. “ఈ వయస్సులో మాకు రిజిస్ట్రేషనేమిటి, మనుమలు నవ్వరూ” అంటారు. హిందూ వివాహ చట్టం క్రింద పాత పెండ్లిని కూడా నమోదు చేయించవచ్చు. ఇద్దరూ ఉండగానే అది సాధ్యం. భర్త గతించిన తరువాత ఆ అవకాశం ఉండదు. అప్పుడు ఆ తల్లి తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువీకరణ పత్రం, రేషన్ కార్డు, ఓటర్ల జాబితా, ఉద్యోగి సర్వీసు పుస్తకంలో భార్యగా తన పేరు, ఇవన్నీ ఒక్కొక్కటిగా కూర్చుకోవాలి. చిరకాలం భార్యాభర్తలుగా కలిసి జీవించినవారిని న్యాయస్థానాలు దంపతులుగానే భావిస్తాయి, నిజమే. అయితే ఆ భావన కోర్టులో తేలేలోగా పింఛను ఆగిపోతుంది. షష్టిపూర్తికి, సహస్రచంద్ర దర్శనానికి మళ్ళీ మంగళసూత్రం కట్టించే పిల్లలు, ఆ వారంలోనే తల్లిదండ్రులను సబ్ రిజిస్ట్రారు ఆఫీసుకు కూడా తీసుకువెళ్ళవచ్చు. నాటి శుభలేఖ దొరకకపోతే, అప్పటి పెండ్లి చూచిన పెద్దలు ఆ శుభకార్యానికి ఎలాగూ వస్తారు కదా, సాక్షులుగా వారినే అడగండి.