అప్పీలు కొట్టేశారంటే ఓడిపోయినట్టేనా?

నారాయణఖేడ్ చుట్టూ ఉన్న తండాల నుంచి ఏటా ఎన్నో కుటుంబాలు చెరుకు కోతకు వలస పోతాయి. అలా పోయే ఒక రైతుకు గెట్టు తగాదా ఉందనుకుందాం. కింది కోర్టులో ఓడి, పై కోర్టులో అప్పీలు వేసి కోతకు పోయాడు. వాయిదా నాడు పిలిస్తే ఆయనా లేడు, వకీలూ లేడు. నాలుగు నెలలకు ఊరికొచ్చాక తెలిసింది, అప్పీలు 'డిఫాల్ట్‌లో' కొట్టేశారని.

భూమి ఎవరిదో కోర్టు తేల్చిందా? తేల్చలేదు. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 17 ప్రకారం అప్పీలుదారు హాజరు కాకపోతే అప్పీలు కొట్టేయవచ్చు. అంతేగానీ ఆయన లేనప్పుడు కేసు బాగోగులు విచారించి కొట్టేయకూడదు. 1976 సవరణ ఈ సంగతిని విడమర్చి చెప్పింది. ఇలా డిఫాల్ట్‌లో కొట్టేయడం తీర్పు కాదు, డిక్రీ అంతకన్నా కాదు. కాబట్టి దీనిమీద రెండో అప్పీలుకు పోవడం దండగ.

దారి రూల్ 19లో ఉంది. అప్పీలు కొట్టేసిన కోర్టులోనే దాన్ని మళ్లీ విచారణకు తీసుకోమని దరఖాస్తు పెట్టాలి, రాలేకపోవడానికి తగిన కారణం చూపాలి. కోర్టు ఖర్చులు కట్టమని షరతు పెట్టవచ్చు. దరఖాస్తునూ తోసిపుచ్చితే ఆర్డర్ 43 కింద ఆ ఉత్తర్వుపై అప్పీలుంది.

చిక్కంతా గడువుతోనే. 1963 లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ 30 రోజులే ఇస్తుంది. అవి మనకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి లెక్క. మన రైతుకు అవి ఎప్పుడో దాటిపోయాయి. అందుకే సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని మరో దరఖాస్తు జతచేయాలి. వలస పోయిన రుజువులు అక్కరకొచ్చేది ఇక్కడే. ఈలోగా స్టే ఉంటే అదీ అప్పీలుతోపాటే పోతుంది, అవతలివారు డిక్రీ అమలుకు దిగవచ్చు.

తప్పు వకీలుదైతే? 1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు, వకీలును పెట్టుకుని తన వంతు చేసిన పల్లెవాసి ఆ వకీలు రాకపోతే నష్టపోకూడదంది. దీన్ని అందరికీ వర్తించే హామీ అనుకోకూడదు. 1993లో సలిల్ దత్తా కేసులో కలకత్తాలోనే ఉన్న కంపెనీ ఇదే మాట చెబితే అదే కోర్టు ఒప్పుకోలేదు. కోర్టు చూసేది కక్షిదారు ఎవరు, ఎంత శ్రద్ధ పెట్టాడు అన్నదే.

కోతకు బండెక్కేముందు ఆ శ్రద్ధకు ఆనవాలు పెట్టుకోవాలి. వకీలుకు పనిచేసే ఫోన్ నంబరు ఇచ్చి, కేసుకుండే 16 అక్షరాంకెల సీఎన్ఆర్ నంబరు రాయించుకోవాలి. దానితో ఈ-కోర్ట్స్ యాప్‌లో వాయిదా ఎప్పుడో చెరుకు తోటలో ఉండే చూసుకోవచ్చు.