పందుల సంతలో రోగాలకు అడ్డుకట్ట



పందుల సంతలోగాని, ప్రదర్శనలోగాని ఏం జరుగుతుందో గమనించండి. ఎన్నో ఊళ్ల పందులు ఒకేచోట చేరి, కొన్ని గంటల్లోనే మరెన్నో ఊళ్లకు తరలిపోతాయి. వాటితోపాటు రోగక్రిములు కూడా ప్రయాణిస్తాయి. వాటిని ఆపడం ఎలాగో ఈ పాఠంలో తెలుసుకుందాం.

ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్‌ను ఉదాహరణగా తీసుకుందాం. మన దేశంలో ఈ వ్యాధి మొదటిసారిగా 2020లో అస్సాం, అరుణాచల్ ప్రదేశ్‌లలో బయటపడింది. 2019 పశుగణన ప్రకారం దేశంలో పందులు సుమారు 90 లక్షలు. అందులో 21 లక్షలు అస్సాంలోనే ఉన్నాయి. అక్కడ ఎన్నో పేద కుటుంబాలకు పెరట్లోని రెండు మూడు పందులే కష్టకాలంలో ఆదుకునే పొదుపు. ఈ వైరస్‌కు చికిత్స లేదు. తీవ్రరూపంలో సోకితే మందలో దాదాపు అన్నీ చనిపోవచ్చు.

సంతలోనే ఎందుకు వ్యాపిస్తుంది?

వైరస్ శరీరంలో ప్రవేశించాక లక్షణాలు కనిపించడానికి సాధారణంగా 4 నుంచి 19 రోజులు పడుతుంది. కాబట్టి సంతలో ఆరోగ్యంగా కనిపించే పంది నిజంగా ఆరోగ్యంగా ఉన్నట్లు కాదు. పేడ అంటిన చెప్పులు, తాళ్లు, వాహనాల చక్రాలు కూడా వైరస్‌ను మోసుకుపోతాయి. అన్నిటికంటే ప్రమాదం మరొకటి ఉంది. పంది జబ్బుపడగానే, చచ్చేలోపు నాలుగు రూపాయలైనా వస్తాయని దాన్ని సంతకు తోలడం!

ఏం చేయాలి?

1. మేత మానిన, జ్వరం ఉన్న పందిని సంతకు తేకూడదు. వెంటనే పశువైద్యునికి తెలపాలి.
2. వేర్వేరు ఊళ్ల పందులను ఒకే దొడ్డిలో కలపరాదు. నీటితొట్టెలు, బకెట్లు విడిగా ఉండాలి.
3. వాహనాన్ని ముందు నీటితో, సబ్బుతో కడిగి, ఆ తర్వాతే క్రిమిసంహారకం చల్లాలి. మురికి మీద చల్లిన మందు సరిగా పనిచేయదు.
4. కొత్తగా కొన్న పందినీ, ప్రదర్శన నుంచి తిరిగివచ్చిన పందినీ 30 రోజులు విడిగా ఉంచాలి. ముందు పాత మందకు, చివర దీనికి మేత వేయాలి.
5. హోటళ్ల ఎంగిలి, మాంసపు ముక్కలు పెట్టరాదు. పెట్టక తప్పకపోతే బాగా ఉడికించాలి.

2009లో వచ్చిన పశువుల అంటువ్యాధుల నివారణ చట్టం ప్రకారం, నియంత్రిత ప్రాంతంగా ప్రకటించినచోట సంతలను, ప్రదర్శనలను నిషేధించవచ్చు. వ్యాధి అదుపు కోసం అధికారులు వధించే పందులకు పరిహారం ఇచ్చే ఏర్పాటూ ఉంది. అందువల్ల రోగాన్ని దాచడంకన్నా చెప్పడమే రైతుకు మేలు.

మనుషుల మాటేమిటి?

ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ మనుషులకు సోకదు. అయితే పందుల ఫ్లూ వైరస్‌లు కొన్ని సోకుతాయి. 2012లో అమెరికాలో అలాంటి కేసులు 300కు పైగా నమోదయ్యాయి. రోగుల్లో ఎక్కువమంది వ్యవసాయ ప్రదర్శనల్లో పందుల దగ్గర మెలిగిన పిల్లలే. కనుక పందులున్న చోట తినకండి, తాగకండి. బయటికి రాగానే సబ్బుతో చేతులు కడుక్కోండి.

ఆలోచించండి: సంతలో కొన్న పందిని వారం రోజులే విడిగా ఉంచితే ఎందుకు చాలదు? పైన చెప్పిన అంకెలతో మీరే వివరించండి.