చేసిన పనికి రాని పైకము
ఇల్లు కుదువబెట్టి, కూలీలకు వారంవారము రొక్కము చెల్లించి, గ్రామమున సిమెంటు రోడ్డు వేసి, కొలతల పుస్తకమున ఇంజనీరు సంతకము పడినను బిల్లు ఖజానాలో నిలిచిపోయిన చిన్న గుత్తేదారునకు తుదకు న్యాయస్థానమే శరణ్యమగుచున్నది. ప్రభుత్వముపై సివిలు దావాకు సాధారణముగ 2 నెలల ముందు నోటీసు ఈయవలెను. పని ముగిసిన 3 సంవత్సరములలో దావా వేయనిచో కాలదోషము పట్టును. అధికారుల నోటిమాట నమ్మి ఈ గడువు దాటనిచ్చిన అభాగ్యులు పలువురు.

బాకీపై వివాదము లేనిచో రాజ్యాంగపు 226వ అధికరణము క్రింద హైకోర్టున రిట్టు వేయవచ్చును. ఆంధ్రప్రదేశమున ఉపాధి హామీ పనుల బకాయిలకై గుత్తేదారులు ఆ మార్గమునే త్రొక్కగా, 2021లో హైకోర్టు 12 శాతము వడ్డీతో చెల్లింపవలెనని ఆదేశించెను. ఆ వడ్డీ సైతము ప్రజాధనమే కదా యని తలచినప్పుడు మనసు నొచ్చును. తీర్పు వెలువడినను పైకము అందనిచో, గుత్తేదారుడు కోర్టు ధిక్కార పిటిషనుతో మరల న్యాయస్థానపు మెట్లెక్కవలసినదే.