సూరతు ఆడపడుచు హంసా మెహతా

తపతీనదీ తీరమందలి సూరతు పట్టణము మనవారికి జరీకిని, పట్టునకును, మరమగ్గములకును పెట్టినది పేరుగా తెలియును. తెలంగాణ జిల్లాలనుండి బ్రతుకుతెరువు వెదకికొనుచు తరలిపోయిన పద్మశాలి కుటుంబములెన్నో ఆ మగ్గముల చప్పుడునడుమ బిడ్డలను పెంచి, అచటి నగరపాలక సంస్థ నడపు తెలుగుబడులలో వారిచేత ఓనమాలు దిద్దించినవి. అయినను ఆ యూరికి వస్త్రవ్యాపారముకంటె వేరైన ఘనత యొకటి కలదు. దుర్గారామ్ మెహతాజీ యను బడిపంతులు తన మిత్రులతో కూడి కులాచారములను, మూఢవిశ్వాసములను బహిరంగముగా ప్రశ్నించుటకై 1844లో మానవధర్మసభను నెలకొల్పినది అచటనే. వితంతువివాహములకై కలము పట్టి ఊరందరిచేత మాటలు పడిన నర్మదకవి పుట్టినదియు అచటనే. మన రాజమహేంద్రవరమున వీరేశలింగముగారు 1881లో తొలి వితంతువివాహము జరిపించునాటికే ఆ చర్చ గుజరాతుదేశమున ఇంటింటికిని ప్రాకియుండెను.

అట్టి పంతుళ్ల కోవకు చెందినవాడే నందశంకర్ మెహతా. సూరతు ఆంగ్లపాఠశాలకు ప్రధానోపాధ్యాయుడై యుండి, 1866లో 'కరణ్ ఘేలో' అను కథాగ్రంథమును ప్రకటించి, గుజరాతీ భాషలో తొలి నవలాకర్తగా పేరొందెను. ఆయన కుమారుడు మనుభాయి మెహతా బరోడా సంస్థానమునకు దివానయ్యెను. ఆ మనుభాయి కుమార్తెగా 1897 జూలై 3వ తేదీన సూరతులో జన్మించిన హంసా మెహతా, తాతగారి అక్షరనిష్ఠను తండ్రిగారి పాలనానుభవమును కలబోసికొని పెరిగినదని నాకు తోచును. ఏలయన, ఆమె జీవితమందలి రాజకీయమంతయు శాసనములలో ఏ మాట యుండవలెను, ఏ మాట యుండరాదు అను పట్టుదల చుట్టును తిరిగినది.

బాలికలకు సైతము నిర్బంధప్రాథమికవిద్యను 1906లోనే శాసించిన శాయాజీరావు గైక్వాడు మహారాజు ఏలుబడిలో, బరోడాలో ఆమె చదువు సాగినది. తత్త్వశాస్త్రమున పట్టభద్రురాలై, పత్రికారచన, సమాజశాస్త్రము నేర్చుకొనుటకు ఇంగ్లండునకేగినప్పుడు సరోజినీ నాయుడుగారి పరిచయభాగ్యము లభించెను. హైదరాబాదు నగరమును తన యిల్లు చేసికొన్న ఆ విదుషీమణియే ఈ సూరతు యువతిని 1920లో జెనీవాలో జరిగిన అంతర్జాతీయ స్త్రీ ఓటుహక్కు మహాసభకు వెంటబెట్టుకొని పోయినది. 1924లో హంసాబెన్ డాక్టరు జీవరాజ్ మెహతాను వివాహమాడెను. ఆమె నాగర బ్రాహ్మణ కన్య, ఆయన వైశ్యుడు. వరుడు తక్కువ వర్ణమువాడగుటచే శాస్త్రము దీనిని ప్రతిలోమమని నిందించును, కులపెద్దలు భగ్గుమనిరి. దంపతులు లక్ష్యపెట్టలేదు. ఆ వరుడే పిమ్మట గాంధీజీకి వైద్యుడుగా ప్రఖ్యాతుడై, 1960లో గుజరాతు రాష్ట్ర మేర్పడినపుడు తొలి ముఖ్యమంత్రి యయ్యెను.

ఉప్పు సత్యాగ్రహపు దినములలో బొంబాయి వీథులలో విదేశవస్త్రాల యంగళ్ల ముందరను, కల్లుసారా దుకాణముల ముందరను స్త్రీల పికెటింగును నడిపించి, ఆమె కారాగారమునకేగినది. 1932లో భార్యాభర్తలిరువురును నిర్బంధింపబడిరి. ఈ త్యాగము నాడు వేలమంది స్త్రీలు చేసినదే. ఆమెను ప్రత్యేకముగా చూపు ఘట్టము 1937లో వచ్చినది. కొత్త రాజ్యాంగచట్టము క్రింద రాష్ట్రశాసనసభలకు ఎన్నికలు జరుగుచుండగా, స్త్రీలకు ప్రత్యేకింపబడిన స్థానములు కొన్ని యుండెను. వానిలో ఒకటి సుళువుగా పొందదగియుండియు, ఆమె దానిని వలదని, పురుషులతో సమానముగా సామాన్యస్థానమునకు నిలిచి, గెలిచి, బొంబాయి శాసనమండలిలో ప్రవేశించెను. ఇది అహంకారము కాదు. దయతో నిచ్చిన పీటమీద కూర్చున్నవారికి హక్కులను గురించి గట్టిగా మాటాడు స్వాతంత్ర్యము కొంత తగ్గునను భయము ఆమెకుండెనని నా నమ్మిక. కాంగ్రెసు మంత్రివర్గ మేర్పడగానే విద్య, ఆరోగ్య శాఖలకు పార్లమెంటరీ కార్యదర్శిగా నియమింపబడి, 1939లో మంత్రివర్గము రాజీనామా చేయువరకు ఆ బాధ్యత నిర్వహించెను. ప్రత్యేకస్థానముల విషయమున ఆమె వైఖరితో నేటివారు ఏకీభవింపకపోవచ్చును. పంచాయతీలలో రిజర్వేషన్ల మూలముగా లక్షలాది స్త్రీలు సర్పంచులైన నేటి యనుభవము ఆమె యెదుట లేదు గదా. కాని తన సూత్రమును తన యెన్నికకే మొదట వర్తింపజేసికొన్న నిజాయతి మాత్రము వాదమునకు అతీతమైనది.

అఖిలభారత మహిళాసభకు అధ్యక్షురాలై 1945 డిసెంబరు చివర హైదరాబాదులో జరిగిన మహాసభలో ఆమె స్త్రీల హక్కులపత్రమును ప్రతిపాదించెను. ఆ హైదరాబాదు మనది కాదు, సింధుదేశములోనిది. ఆడదానికి ఆస్తిలో భాగము, సమానవేతనము, వివాహవిచ్ఛేదమున సమానన్యాయము అను కోరికలు సభాతీర్మానములనుండి రాజ్యాంగచర్చలలోనికి నడచిపోవుటకు ఆ పత్రము త్రోవ చేసినది. మరుసటి యేడు ఆమె రాజ్యాంగపరిషత్తులో సభ్యురాలయ్యెను. అచట స్త్రీలు పదునైదుగురు. వారిలో మన రాజమహేంద్రవరపు దుర్గాబాయిగారొకరు. 1946 డిసెంబరు 19న ఆశయతీర్మానముపై ప్రసంగించుచు హంసాబెన్, తమ సంస్థ యేనాడును ప్రత్యేకస్థానములుగాని, ప్రత్యేక నియోజకవర్గములుగాని అడుగలేదనియు, తాము కోరునది సామాజిక, ఆర్థిక, రాజకీయ న్యాయమే యనియు స్పష్టీకరించెను. అంబేద్కరుగారు, మన నెల్లూరు సీమకు చెందిన అల్లాడి కృష్ణస్వామి అయ్యరుగారు సభ్యులుగానున్న ప్రాథమికహక్కుల ఉపసంఘములో కూర్చుండి, ఉమ్మడి పౌరస్మృతిని కేవలము ఆదేశసూత్రముగా విడిచిపెట్టరాదని రాజకుమారి అమృతకౌర్, మీనూ మసానీలతో కలసి అసమ్మతిపత్రము వ్రాసెను. అది నెగ్గలేదు.

1947 ఆగస్టు 14 అర్ధరాత్రి పరిషత్తు సమావేశమును గూర్చి నెహ్రూగారి ప్రసంగమును అందరు తలచుకొందురు. ఆ తరువాత జరిగినదానిని తలచువారు అరుదు. సభ్యులందరు ప్రతిజ్ఞ చేసిన పిమ్మట, సరోజినీదేవి రాలేకపోవుటచే హంసాబెన్ లేచి, భారతస్త్రీల పక్షమున త్రివర్ణపతాకమును అధ్యక్షులు రాజేంద్రప్రసాదుగారికి సమర్పించెను. ఈ మహాసభాభవనముపై ఎగురు మొదటి జెండా స్త్రీల కానుక కావలెనని ఆమె విన్నవించెను. ఆ కానుకలో పాలుగొనగోరిన స్త్రీల పేర్లు నూరింటికి దగ్గరగా ఒక పట్టికగా ఆమె చేతిలో నుండెను.

ఆ సంవత్సరమే ఐక్యరాజ్యసమితి మానవహక్కుల సంఘములో ఆమె భారతప్రతినిధి. ఎలియనార్ రూజ్‌వెల్టు అధ్యక్షురాలుగానున్న ఆ సంఘములో వేరొక స్త్రీప్రతినిధి యామె యొక్కతెయే. విశ్వమానవహక్కుల ప్రకటన చిత్తుప్రతిలో మొదటి అధికరణము మనుష్యులందరు అను భావమును 'పురుషులందరు' అని యర్థము వచ్చు ఆంగ్లపదముతో చెప్పుచుండెను. ఆ పదములో స్త్రీలును ఇమిడియున్నారను సమాధానము పలువురికి చాలినది. రూజ్‌వెల్టమ్మకు సైతము మొదట అది పెద్ద యాక్షేపణగా తోచలేదు. హంసాబెన్ ఒప్పుకొనలేదు. ఇమిడియున్నారను మాట చెప్పియే శతాబ్దములుగా స్త్రీలను వెలుపల నిలిపిన దేశములున్నవి. రేపు ఆ పదమునే చూపి స్త్రీకి హక్కు లేదనువారు రావచ్చునని ఆమె వాదము. తుదకు 'మానవులందరు' అను మాటయే నిలిచినది. 1948 డిసెంబరు 10న పారిస్‌లో ప్రకటన ఆమోదింపబడినది. శాసనరచన యెరిగినవారికి ఈ మార్పు ఎంతటిదో వేరుగా చెప్పనక్కరలేదు.

1949లో నెలకొల్పబడిన బరోడా మహారాజా శాయాజీరావు విశ్వవిద్యాలయమునకు ఆమె తొలి ఉపకులపతి. స్త్రీపురుషులు కలసి చదువు విశ్వవిద్యాలయమునకు మన దేశమున ఒక స్త్రీ ఉపకులపతి యగుట అదియే మొదలు. గృహవిజ్ఞానము, లలితకళలు అచట ప్రత్యేకవిభాగములై వర్ధిల్లినవి. షేక్స్‌పియరు 'హామ్లెట్', 'వెనిసు వర్తకుడు' నాటకములను ఆమె గుజరాతీలోనికి తెచ్చినది; పిల్లలకు కథలు వ్రాసినది. 1959లో పద్మభూషణ బిరుదమును పొంది, 1995లో తొంబదియేడేండ్ల వయస్సున కన్నుమూసినది.

దుర్గాబాయిగారి స్వీయచరిత్ర మన పుస్తకశాలలలో దొరకును. హంసాబెన్ పరిషత్ప్రసంగములు మాత్రము నాకు తెలిసినంతవరకు తెలుగులోనికి రాలేదు. 1946 డిసెంబరునాటి ఆ చిన్న ప్రసంగమునైనను ఎవరైన తెనిగించి, మన కళాశాలల బాలికలకును, సూరతు తెలుగుబడుల పిల్లలకును అందజేసిన బాగుండును. ఆ పిల్లలు నడచు వీథులున్న ఊరిలోనే ఆమె పుట్టినదని వారికి ముందుగా చెప్పవలెను.